కార్డు మీద మూడు

గాల్వే,
12 సెప్టెంబరు 2023

మావయ్యకి,

శశికాంత్ నమస్కారాలు. అమ్మా, మీరూ, అత్తయ్యా కులాసాగా ఉన్నారనుకుంటాను. మొన్న ఫోనులో నేను "స్టాంపు వచ్చింది" అని మూడుసార్లు అరిస్తే మీరు "సాంబారు ఎవరు పెట్టారు, నిఖిలా?" అని అడిగారు. పక్కనే ఉన్న నిఖిల నవ్వు ఆపుకోలేకపోయింది. ముప్పయ్యేళ్లు బెజవాడ యార్డులో ఇంజన్ల కూతల మధ్య తిరిగిన చెవులకి ఫోను లాభం లేదు. మీకు కాగితమే మేలు. అందుకే రాస్తున్నాను.

నా కార్డు వచ్చింది. ఈ దేశంలో ఉండనిస్తూ ఇచ్చే పర్మిట్ కార్డు. ఐరిష్ రెసిడెన్స్ పర్మిట్, ఇక్కడ అందరూ ఐఆర్‌పీ అంటారు. పోస్టులో మామూలు కవరులో వచ్చింది. నేనేదో పెద్ద పత్రం, ఎర్ర సీలు, సంతకాలు ఊహించుకున్నాను. తీరా చూస్తే అరచేతిలో ఇమిడిపోయే ప్లాస్టిక్ ముక్క. కానీ మావయ్యా, దాన్ని కిటికీ దగ్గర అటూ ఇటూ తిప్పుతూ ఎంతసేపు కూర్చున్నానో నాకే తెలియదు. వెలుతురు పడ్డ వైపునల్లా గీతలు రంగులు మారుతున్నాయి. నా ముఖం, నా పేరు, గడువు తేదీ, రిజిస్ట్రేషన్ నంబరు. వెనక వైపు మూడు వరసల్లో అంకెలూ అక్షరాలూ, మధ్యలో ఎడమకి తిరిగిన బాణం గుర్తులు బోలెడు. ఎక్కడో కృష్ణలంక సందులో పుట్టినవాణ్ణి, నన్ను ఇంత జాగ్రత్తగా ఎవరో రాసి పెట్టుకున్నారు అనిపించింది.

అంకెలంటే మీకు ప్రాణం కదా, రెండు వైపులా జిరాక్సు తీసి దీంతో పంపుతున్నాను. ఒక్క మాట. నిఖిల కార్డు మీద స్టాంప్ 1 అని ఉంది. నా దాని మీద స్టాంప్ 3 అని ఉంది. ఇది పోస్టు స్టాంపు కాదు. ఇదివరకు పాస్‌పోర్టులో కొట్టే ముద్రకి పెట్టుకున్న నంబరు, ఇప్పుడు కార్డు మీదికి ఎక్కింది. ఆ నంబర్ల సంగతి ఇంకోసారి రాస్తాను.

నిఖిల పని బాగుంది. గుండె నాళాల్లో పెట్టే చిన్న తీగ గొట్టాలు వాళ్ల కంపెనీ తయారుచేస్తుంది. రోజంతా మైక్రోస్కోపులో వాటిని చూడటమే తన ఉద్యోగం. బియ్యపు గింజంత గొట్టంలో వల అల్లినట్టు ఉంటుందట. అది చెప్పేటప్పుడు తన గొంతు నెమ్మదిస్తుంది.

అమ్మకి మోకాళ్ల మందు మర్చిపోవద్దని చెప్పండి.

మీ మేనల్లుడు
శశి


బెజవాడ,
9 అక్టోబరు 2023

చిరంజీవి శశికి మావయ్య పున్నయ్య ఆశీస్సులు.

నీ ఉత్తరం ఇరవై రెండు రోజులకి చేరింది. గూడ్సు బండి నయం. జిరాక్సు మాత్రం చూడముచ్చటగా ఉంది. భూతద్దం పెట్టి రెండు పూటలు చూశాను. మీ అత్త "ఆ పిల్లాడి ముఖం చూడకుండా అంకెలు చూస్తారేంటండీ" అని నవ్వింది. ముఖం ఎవరైనా చూస్తారు.

నంబర్ టేకర్‌గా నేను చేరినప్పుడు ప్రతి వ్యాగనునీ నడిచి వెళ్లి చూసి, నోట్‌బుక్కులో నంబరు ఎక్కించేవాణ్ణి. ఎండలో, వానలో, రోజుకి ఎనిమిది వందల వ్యాగన్లు. తర్వాత పదకొండంకెల నంబర్లు వచ్చాయి. బండి ఏ రకం, ఏ రైల్వేది, ఏ ఏడు పుట్టింది, అన్నీ అందులోనే. నీ కార్డు వెనక వరసలు చూస్తే అదే మాదిరి కనపడుతోంది. నీ పుట్టినరోజు ఏడాది ముందు, నెల మధ్యన, తేదీ చివర ఉంది చూశావా? 870614. దాని పక్కన ఒక 6 ఉంది. అదేమిటో అంతుపట్టలేదు. నువ్వు కనుక్కో.

ఇక నీ 3 సంగతి నాకు వెంటనే అర్థమైంది. వెయిటింగ్ లిస్టు! నిఖిల ముందు వెళ్లింది కాబట్టి 1. నువ్వు తర్వాత వెళ్లావు కాబట్టి 3. మధ్యలో ఎవడో 2 ఉంటాడు. వాడు దిగిపోగానే నీది 2, ఆ తర్వాత 1, ఆ పైన కన్ఫర్మ్. మీ అమ్మకీ, చుట్టాలందరికీ ఇలాగే విడమరిచి చెప్పాను. అందరూ ధైర్యంగా ఉన్నారు.

ఒక్కటి అడగాలి. నువ్వు వెళ్లి ఏడు నెలలు దాటింది. పన్నెండేళ్లు లిఫ్టు మెకానిక్‌వి. ఇక్కడ ఊళ్లో సగం ఆసుపత్రుల లిఫ్టులు నీ చేతి మీద నడిచాయి. అక్కడ ఇంకా ఎందులోనూ చేరలేదేం? కింద సెల్ ఫోన్ల కొట్టు జగన్ ఏమన్నాడో తెలుసా? "ఆ దేశాల్లో పనికి కొదవుండదు మాస్టారూ. మీవోడు చెయ్యట్లేదంటే చెయ్యబుద్ధి కాకే" అన్నాడు. వాణ్ణి కసిరాను. కానీ వాడికేం చెప్పాలో నువ్వే రాయి. పెళ్లాం మైక్రోస్కోపు దగ్గర కళ్లు పోగొట్టుకుంటుంటే నువ్వు కిటికీ దగ్గర కార్డు తిప్పుకుంటూ కూర్చుంటే ఎలారా?

కోపం కాదు. బెంగ.

పున్నయ్య


గాల్వే,
3 నవంబరు 2023

మావయ్యకి,

మీ ఉత్తరం చదివి నొచ్చుకున్నాను. తప్పు మీది కాదు. ఆ రోజే రాసి ఉండాల్సింది. సిగ్గుపడి దాటేశాను.

3 అంటే వెయిటింగ్ లిస్టు కాదు మావయ్యా. అది ఎన్నాళ్లు ఎదురుచూసినా దానంతటది 2 కాదు. 2 అంటే చదువుకోడానికి వచ్చిన పిల్లలు. 1 అంటే ఉద్యోగం పర్మిట్ ఉన్నవాళ్లు. 3 అంటే ఇక్కడ ఉండొచ్చు, తినొచ్చు, తిరగొచ్చు, ఉద్యోగం మాత్రం చెయ్యకూడదు. నిఖిలది జనరల్ పర్మిట్ అనే మామూలు రకం కాబట్టి భర్తగా వచ్చిన నాకు 3. మా కింద ఫ్లాటులో తెనాలి యెషయా గారుంటారు. ఆయన నర్సు, వచ్చి తొమ్మిదేళ్లయింది. ఆయనది 4. మీ లెక్కలో ఆయన నాకన్నా వెనక ఉండాలి. నిజానికి ఆయన ఎక్కడైనా, ఏ పనైనా చేసుకోవచ్చు. ఈ నాలుగింట్లో పెద్దది 4.

కాబట్టి జగన్‌కి చెప్పండి, చెయ్యబుద్ధి కాక కాదు, చెయ్యనివ్వక.

రోజూ ఇల్లు ఊడ్చి, వంట చేసి, నిఖిలకి డబ్బా కట్టి, సముద్రం పక్కనే సాల్ట్‌హిల్ దాకా నడుస్తాను. ఇక్కడ గాలి మనిషిని నిలబెట్టి వెనక్కి తోస్తుంది. నడక చివర ఒక గోడ ఉంది. అక్కడికి వచ్చినవాళ్లంతా ఆ గోడని ఒకసారి కాలితో తన్ని వెనక్కి తిరుగుతారు. ఎందుకని అడిగితే "ఎప్పట్నుంచో అంతే" అన్నారు. నేనూ తన్నుతున్నాను. రోజు మొత్తం మీద నా కాళ్లూ చేతులూ చేసే గట్టి పని అదే.

ఇక మీ 6 సంగతి. కనుక్కున్నాను. ఆ ఆరంకెల్నీ వరసగా 7, 3, 1, మళ్లీ 7, 3, 1తో హెచ్చవేసి కూడాలి. వచ్చిన మొత్తంలో చివరి అంకె ఏదో అదే పక్కన పెడతారు. ఎవరైనా ఒక అంకె తప్పు రాస్తే ఆ చివరిది పట్టేస్తుంది. మీరు వేసి చూడండి.

శశి


బెజవాడ,
28 నవంబరు 2023

చిరంజీవి శశికి,

ముందు నా తప్పు ఒప్పుకుంటున్నాను. తెలియక మాట తూలాను. జగన్‌కి నీ మాట ఉన్నదున్నట్టు చెప్పాను. "అలాంటి కార్డు కూడా ఉంటదా మాస్టారూ?" అని నోరు తెరిచాడు. చుట్టాలకి మాత్రం ఇంకా చెప్పలేదు. ఒకసారి వెయిటింగ్ లిస్టు అన్నాక వెనక్కి తీసుకోవడం కష్టంగా ఉంది.

లెక్క వేశాను. ఎనిమిదేళ్లు యాభై ఆరు. ఏడు మూళ్లు ఇరవై ఒకటి. సున్నా సున్నాయే. ఆరేళ్లు నలభై రెండు. మూడు. నాలుగు. మొత్తం నూట ఇరవై ఆరు. చివర 6! ఒళ్లు గగుర్పొడిచింది శశీ. కావాలని నీ తేదీలో ఒకటినీ నాలుగునీ తారుమారు చేసి మళ్లీ వేశాను. నూట ముప్పై రెండు వచ్చింది. చివర 2. దొంగ దొరికిపోయాడు. మా వ్యాగన్లకీ పదకొండో అంకె ఇలాంటి కాపలాదే, లెక్క వేరు అంతే. ఒకరికొకరు తెలియని మనుషులు, ఒకడు ఇనప పెట్టెలకీ, ఇంకొకడు మనుషుల కార్డులకీ, ఒకే ఆలోచన చేశారు. పుట్టిన తేదీ పక్కన ఇంత నమ్మకమైన మనిషిని నిలబెట్టినవాడికి దణ్ణం పెట్టాలనిపించింది.

అందుకే చెబుతున్నాను. ఇంత పకడ్బందీగా కార్డు చేసేవాళ్లు ఆ 3ని ఊరికే వెయ్యరు. దాన్ని తేలిగ్గా తీసుకోకు. ఎవరైనా "కాస్త ఈ స్విచ్చి చూడు బాబూ, ఈ మోటారు చూడు బాబూ" అన్నా నువ్వు చెయ్యి పెట్టకు. ఊరికే సాయం అనుకుంటావు, ఎవడో రాసి పంపిస్తాడు, నిఖిల పర్మిట్‌కే ముప్పు వస్తుంది. మా యార్డులో "లోడు చెయ్యరాదు" అని చీటీ కట్టిన వ్యాగను మీద ఒక గోనెసంచి కూడా వెయ్యనిచ్చేవాళ్లం కాదు. స్క్రూడ్రైవరు పెట్టెలో పెట్టి తాళం వెయ్యి. ఇది నా ఆజ్ఞ అనుకో.

మీ అమ్మ నడక మెరుగు పడింది.

పున్నయ్య


గాల్వే,
24 జనవరి 2024

మావయ్యకి,

ఇది నిఖిలకి కూడా పూర్తిగా చెప్పలేదు. మీకే చెబుతున్నాను.

ఆదివారం పెద్ద గాలివాన వచ్చింది. సోమవారం మధ్యాహ్నం కరెంటు పోయి వచ్చింది, మళ్లీ పోయింది. నేను అన్నం వండుకుంటున్నాను. బయట గంట మోగింది. ఇది ఏ గంటో వేరేవాళ్లు ఆలోచించుకోవాలి, నాకు అక్కర్లేదు. లిఫ్టులో ఎవరో ఇరుక్కుని మోగిస్తున్నారు. ఆగింది రెండుకీ మూడుకీ మధ్య అని కూడా శబ్దాన్ని బట్టే తెలిసింది.

తలుపు దాకా వెళ్లాను. గొళ్లెం మీద చెయ్యి వేశాను. అక్కడే ఆగిపోయాను. జేబులోంచి కార్డు తీసి చూశాను. "చెయ్యి పెట్టకు" అని మీరు రాసింది కళ్ల ముందు నిలబడింది. నేను వెళితే చెయ్యి పెట్టకుండా ఉండలేనని నాకు తెలుసు. లోపలికి వచ్చి స్టవ్ కట్టేసి కుర్చీలో కూర్చున్నాను. గంట ఆగుతోంది, మోగుతోంది. గోడ గడియారం చూస్తూనే ఉన్నాను. పదకొండు నిమిషాలు. మావయ్యా, పదకొండు నిమిషాలు అలా కూర్చున్నాను.

తర్వాత గంట ఆగిపోయింది. మళ్లీ మోగలేదు. అప్పుడు పరుగెత్తాను.

లోపల ఉన్నది మూడో అంతస్తు నోరా గారు. డెబ్బై ఎనిమిదేళ్లావిడ, గుండె జబ్బు మనిషి. అగ్నిమాపక దళానికి యెషయా గారు అప్పటికే ఫోను చేశారట, గాలివానలో చెట్లు పడి వాళ్లు ఆలస్యమవుతున్నారు. ఆవిడ చీకట్లో నేల మీద కూర్చుండిపోయారు. తలుపు సందుకి నోరు ఆనించి మాట్లాడాను.

"ఎవరది?" అన్నారు.

"పైన ఉండే శశిని. భయపడకండి. లిఫ్టు పడిపోదు. దాన్ని పట్టుకుని తాళ్లు ఉన్నాయి, ఒక్కోటీ మొత్తం బరువు మోయగలదు."

"నీకెలా తెలుసు?"

"అది నా పని" అన్నాను. అని నాలిక్కరుచుకున్నాను.

ఊపిరి నెమ్మదిగా తీసుకోమన్నాను. బెజవాడలో కృష్ణ ఎంత వెడల్పో చెప్పాను. ఆవిడ తన చిన్నప్పుడు దీవి నుంచి పడవ వెనక ఆవుల్ని ఈదించుకుంటూ ఎలా తెచ్చేవాళ్లో చెప్పారు. మధ్యమధ్యలో "ఉన్నావా ఇంకా?" అని అడిగేవారు. "ఉన్నాను" అనేవాణ్ణి. ఆ మాట అన్నిసార్లు నా జీవితంలో ఎవరితోనూ అనలేదు.

దళం వచ్చింది. వాళ్లలో పెద్దాయన నా మాటలు విని "నీకు లిఫ్టులు తెలుసా?" అన్నాడు. నేను కార్డు తీసి చూపించాను. "నాకు పని చెయ్యడానికి అనుమతి లేదండీ" అన్నాను. ఆయన కార్డు వంక, నా వంక చూశాడు. "అది లోపల పెట్టు అబ్బాయ్. నీకిక్కడ ఎవరూ ఉద్యోగం ఇవ్వట్లేదు. లోపల ఒక ముసలావిడ ఉంది. ఏం చెయ్యాలో చెప్పు" అన్నాడు.

చెప్పాను. ముందు మెయిన్ ఆపండి, కరెంటు మళ్లీ వచ్చినా కదలకూడదు. తర్వాత బ్రేకు కొద్దికొద్దిగా వదలండి, ఒకరు చక్రం పట్టుకోండి. నాలుగు నిమిషాల్లో తలుపు తెరుచుకుంది. ఆవిడ ముఖం తెల్లగా పాలిపోయింది. బయటికి వచ్చి ముందు నా చెయ్యి పట్టుకున్నారు. అప్పుడు నాకు ఏడుపొచ్చింది. నేను రాక ముందు పదకొండు నిమిషాలు ఎక్కడున్నానో ఆవిడకి తెలియదు.

తర్వాత గార్డు వచ్చింది. ఇక్కడ పోలీసుల్ని గార్డులంటారు. పేర్లు రాసుకుంటూ నా కార్డు అడిగింది. తీసి ఇచ్చాను. చదివి, "స్టాంప్ 3. అయితే ఏంటి? మనిషికి సాయపడొద్దని ఏ స్టాంపూ చెప్పదు. జీతానికి చేస్తే అది వేరే మాట. యూ ఆర్ గ్రాండ్, ఏం ఫర్వాలేదు" అని కార్డు నా చేతిలో పెట్టేసింది. అంత చిన్న జవాబు. నేను కుర్చీలో మోసింది ఎంత పెద్ద బరువు!

ఆవిడ ఆసుపత్రిలో కోలుకుంటున్నారు. నా సంగతే నాకు తెలియట్లేదు.

శశి


బెజవాడ,
14 ఫిబ్రవరి 2024

శశీ,

నీ ఉత్తరం అందింది. నిన్ను ఆ కుర్చీలో కూర్చోబెట్టింది నా ఉత్తరం. అంకెలు చదవడం వచ్చు కదా అని అన్నీ నాకే తెలుసనుకున్నాను. కార్డులో ఉన్న తేదీని లెక్క కట్టగలిగాను గానీ ఆ 3 ఎంతవరకు వద్దంటుందో తెలియకుండానే ఆజ్ఞ అని రాశాను.

నీకు ఒకటి చెప్పాలి. మీ అత్తకి కూడా తెలియదు.

1989 మే నెల. యార్డులో ఆరో లైను. నేను నంబర్లు రాసుకుంటూ నడుస్తున్నాను. వదిలేసిన ఒక ఖాళీ వ్యాగను దానంతటది జారడం మొదలెట్టింది. నెమ్మదిగా, మనిషి నడిచేంత వేగంతో. కొంచెం అవతల షంటింగ్ పోర్టరు వెంకటేశ్వర రావు వంగి రెండు వ్యాగన్లని కలిపే కప్లింగ్ విప్పుతున్నాడు. వ్యాగను నా పక్కనుంచే వెళ్లింది. దాని హ్యాండ్ బ్రేకు నా చేతికి అందేంత దూరంలో ఉంది. నంబర్ టేకర్ బండిని ముట్టుకోకూడదు. అది రూలు. నేను ఏం చేశానో తెలుసా? దాని నంబరు రాసుకున్నాను. చేతిలో పెన్సిలుంది, కళ్ల ముందు బండి వెళుతోంది, అలవాటుగా రాసేశాను. ఆ తర్వాత అరిచాను. వాడు ఒక కాలు తీసుకోగలిగాడు. రెండోది తీసుకోలేకపోయాడు. చీలమండ దగ్గర పోయింది.

విచారణలో నా నోట్‌బుక్కు చూపించారు. ఏ వ్యాగనో, ఏ టైమో అన్నీ ఉన్నాయి కాబట్టి వెంకటేశ్వర రావు తప్పు లేదని తేలింది. వాడికి లాంప్ రూములో కూర్చునే ఉద్యోగం ఇచ్చారు. వాడు నా చేతులు పట్టుకుని "నువ్వు రాసిన నంబరే నన్ను నిలబెట్టింది పున్నయ్యా" అన్నాడు. ఆ తర్వాత ఇరవై రెండేళ్లు అదే యార్డులో రోజూ వాడి ముందు నుంచి నడిచాను. ఒక్క రోజు కూడా నిజం చెప్పలేదు.

నువ్వు పదకొండు నిమిషాల తర్వాత లేచావు. లేచి, చీకట్లో ఒక మనిషికి "ఉన్నాను" అని చెబుతూ నిలబడ్డావు. నీ మేనమామ అంతకూడా చెయ్యలేదు. ఆ ఉత్తరం పట్టుకుని ఎంతసేపు కూర్చున్నానో. నా చేతుల మీద పెరిగిన పిల్లాడు నాకన్నా పెద్దవాడయ్యాడు.

పదకొండు నిమిషాల సంగతి నిఖిలకి చెప్పు. నాలాగా ముప్పై నాలుగేళ్లు దాచకు.

మావయ్య


గాల్వే,
27 జూన్ 2024

మావయ్యకి,

నిఖిలకి అదే వారం చెప్పాను. విని లేచింది. నా కుర్చీని కిటికీ వైపు నుంచి తీసి తన కుర్చీ పక్కన వేసింది.

ఇప్పుడు వినండి. మే పదిహేనున యెషయా గారు మెట్లు ఎక్కలేక ఎక్కుతూ వచ్చి, ఊపిరి అందక, "శశీ, వార్త చూశావా? రూలు మార్చారయ్యా!" అన్నారు. జనరల్ పర్మిట్ వాళ్ల భార్యలూ భర్తలూ కూడా ఇకమీదట పని చేసుకోవచ్చట. స్టాంప్ 3 కాదు, 1జి. నేను నమ్మలేదు. ఆయన ఫోనులో ప్రభుత్వం పేజీ తెరిచి ఒక్కో వాక్యం నా చేత చదివించారు. మూడుసార్లు చదివాను. నిఖిల డ్యూటీ నుంచి వచ్చేదాకా ఆగలేక బస్ స్టాపు దాకా ఎదురెళ్లాను. చెబితే రోడ్డు మీదే నిలబడిపోయింది. వానలో ఇద్దరం తడిశాం. గొడుగు తన చేతిలోనే ఉంది.

గార్డు స్టేషనులో కొత్త కార్డుకి వేలిముద్రలు తీసుకున్నారు. నా బొటనవేలు గాజు మీద పెడితే మెషీను ఒప్పుకోలేదు. మళ్లీ పెట్టాను, ఒప్పుకోలేదు. కౌంటర్లో ఆవిడ నా వేళ్లు చూసి, "నువ్వు ఇనప తాళ్లతో పని చేసేవాడివా? ఆ పని చేసినవాళ్లకి గీతలు అరిగిపోతాయి" అంది. "చెయ్యక ఏడాది దాటిందండీ" అన్నాను. "వేళ్లు మర్చిపోలేదు మరి" అని, తడి గుడ్డ ఇచ్చి, నా చెయ్యి గట్టిగా అదిమి పెట్టింది. ఈసారి వచ్చింది.

నిన్న కార్డు పోస్టులో వచ్చింది. అదే ముఖం, అదే పేరు, అదే పుట్టినరోజు, పక్కన అదే 6. మారింది ఒక అంకె, ఒక అక్షరం. నేను మాత్రం నిన్న పొద్దున్న లేచిన మనిషినేనా అని అనుమానం వస్తోంది. నా చేతులు ఎదురుగా పెట్టుకుని చూసుకుంటున్నాను.

శశి


బెజవాడ,
22 జూలై 2024

చిరంజీవి శశికి,

1జి అంటే జి ఏమిటని ఇంట్లో పెద్ద చర్చ. నేను గూడ్స్ అన్నాను. మీ అమ్మ గాల్వే అంది. జగన్ ఫోనులో వెతికి గ్రాడ్యుయేట్ అట, చదువు ముగించిన పిల్లల కోసం మొదట పెట్టిన ముద్రట అన్నాడు. ఐటీఐ చదివిన నీకు ఆ దేశం గ్రాడ్యుయేట్ అక్షరం ఇచ్చింది! మీ అమ్మ నీ ఉత్తరంలో ఆ అక్షరాన్ని వేలితో ముట్టుకుని కళ్లకద్దుకుంది. చుట్టాలకి కబురు పంపాను, కన్ఫర్మ్ అయిందని. వెయిటింగ్ లిస్టు కాదని ఇప్పుడు చెప్పి మాత్రం ఏం లాభం?

ఇంకొకటి. పోయిన ఆదివారం రాయనపాడు వెళ్లాను. వెంకటేశ్వర రావు కొడుకు దగ్గర ఉంటున్నాడు. చెప్పాను. బ్రేకు నా చేతికందే దూరంలో ఉందనీ, నేను పెన్సిలు పట్టుకుని నిలబడ్డాననీ అంతా చెప్పాను. వాడు కర్ర కాలి వంక చూసుకున్నాడు. "నాకు తెలుసు పున్నయ్యా. అరిచింది నువ్వేగా, గొంతు ఎంత దగ్గర్నుంచి వచ్చిందో నాకు తెలీదా?" అన్నాడు. "మరి ఇన్నేళ్లూ ఎందుకడగలేదు?" అన్నాను. "నువ్వు అరవకపోతే రెండో కాలు కూడా పోయేది. అదొక్కటే లెక్క వేసుకున్నాను" అన్నాడు.

ఆ మనిషి ముందు కూర్చుని కాఫీ తాగి వచ్చాను.

మావయ్య


గాల్వే,
11 అక్టోబరు 2024

మావయ్యకి,

వెంకటేశ్వర రావు గారి మాట నిఖిలకి చదివి వినిపించాను. ఇంకోసారి చదవమంది.

నేను పనిలో చేరాను. లిఫ్టులు చూసే ఒక చిన్న కంపెనీ. ముందు ఒక రోజు భద్రత శిక్షణ ఇచ్చి సేఫ్ పాస్ అని ఇంకో కార్డు ఇచ్చారు. ఒక సీనియరుతో కలిసి తిరగమన్నారు. ఆయన పేరు డెక్లన్. అరవై దాటాయి. ఎక్కువ మాట్లాడడు. మొదటి రోజు నన్ను ఒక షాఫ్టులోకి దించి, "ఏం వినపడుతోంది?" అని అడిగాడు. "ఎడమ వైపు గైడు షూ అరిగిందండీ" అన్నాను. లిఫ్టుని పట్టాల మీద నిలిపి ఉంచే ముక్క అది. తలూపి, తన రెంచి నా చేతికిచ్చాడు. అంతే, ఇంటర్వ్యూ అయిపోయింది.

ఈ వారం ఊళ్లో పెద్ద ఆసుపత్రిలో పని. ఏటా చేసే తనిఖీ, ప్రసూతి వార్డుకి వెళ్లే లిఫ్టు. తాళ్లు ఒక్కో తీగా గుడ్డతో తుడిచి చూశాను. బ్రేకు విప్పి, శుభ్రం చేసి, బిగించాను. డెక్లన్ నా వెనక నిలబడి అన్నీ చూసి, పుస్తకంలో సంతకం పెట్టాడు. కింద నన్నూ పెట్టమన్నాడు. నా పేరు తెలుగులో రాయబోయి ఆగి ఇంగ్లీషులో రాశాను.

అడ్డు బోర్డు తీసేసి, అంతా సరిగా ఉందో లేదో అని నేనొక్కణ్ణే పైదాకా వెళుతున్నాను. రెండో అంతస్తులో తలుపు తెరుచుకుంది. ఒక నర్సు గాజు తొట్టెని తోసుకుంటూ లోపలికి వచ్చింది. తొట్టెలో అప్పుడే పుట్టిన పాప. ఎర్రటి ముఖం, నెత్తిన ఊలు టోపీ. నర్సు నా చేతుల మీద గ్రీజు చూసి, "ఇప్పుడే బాగుచేశారా? ఎక్కొచ్చా?" అని అడిగింది.

"ఎక్కండి. నేనే చూశాను" అన్నాను.

తలుపు మూసుకుంది. లిఫ్టు కదిలింది. కుదుపు లేదు, చప్పుడు లేదు. పాప కళ్లు తెరిచి పైనున్న దీపం వంక చూసింది. గోడకి ఆనుకుని ఊపిరి బిగబట్టి నిలబడ్డాను. పుట్టి గంటయినా కాలేదట ఆ ప్రాణానికి. దానికింకా పేరు లేదు, నంబరు లేదు. మేం ముగ్గురం పైకి వెళుతున్నాం.

మీ
శశి